గడప ఖరీదు రూ. 4,167

సుముహూర్త గృహరుణ బ్యాంకు వారు తమ ఖాతాదారులను ఒకే ఒక్క ప్రశ్న అడిగి సర్వే చేశారు. "మీరు ఉంటున్న ఇల్లు ఎవరిది?" నూటికి తొంభై ఏడుగురు "మాదే" అన్నారట. మిగిలిన ముగ్గురిలో ఇద్దరు "మా ఆవిడది" అన్నారు. ఒకాయన ప్రశ్నే అర్థం కాలేదన్నాడు. ఈ ఫలితాలు చూసి ప్రధాన కార్యాలయం నివ్వెరపోయింది. ఇంటి అప్పు అసలు ఖరీదు తీసుకున్నవాడికి తెలియడం లేదనీ, తెలియజెప్పడం బ్యాంకు నైతిక బాధ్యత అనీ, పెద్దలంతా ఓ సముద్రతీరపు హోటల్లో మూడు రోజులు కూర్చుని తీర్మానించారు. ఆ తీర్మానానికి 'స్వామ్య దృశ్యీకరణ పథకం' అని పేరు పెట్టారు. ప్రయోగానికి కాకినాడ శివార్లలో ఉన్న మా కాలనీని ఎంచుకున్నారు. మా నలభై ఇళ్లూ ఆ బ్యాంకు అప్పుతో కట్టినవే కావడం మా అదృష్టం.

నేను మునిసిపల్ హైస్కూల్లో లెక్కల మాస్టారిని. పేరు చోడవరపు రామలింగస్వామి. పదిహేడేళ్లుగా ఎనిమిదో తరగతి పిల్లలకు చక్రవడ్డీ నేర్పుతున్నాను. అప్పు కాగితాల మీద మాత్రం ఒక్క ముక్క చదవకుండా అరవై రెండు చోట్ల సంతకం పెట్టాను. సంతకం పెట్టాల్సిన చోటల్లా పెన్సిలుతో ఇంటూ గుర్తు పెట్టి ఉంచారు. జీవితంలో మొదటిసారి ఇంటూ గుర్తు చూసి కూడా గుణించకుండా వదిలేశాను.

నా భార్య సుభాషిణి చీరలకు ఫాల్, పీకో కుడుతుంది. పెళ్లయిన ఈ పదిహేడేళ్లలో మేం పదకొండు అద్దె ఇళ్లు మారాం. పదకొండు గడపలకూ ఆవిడ ప్రతి శుక్రవారం పసుపు రాసి బొట్లు పెట్టింది. ఖాళీ చేసి వెళ్లిపోయేటప్పుడు సామానంతా బండెక్కాక ఒకసారి వెనక్కి వచ్చి ఆ గడప కడిగేది. వచ్చేవాళ్లు వాళ్ల పసుపు వాళ్లు రాసుకుంటారు కదా అనేది. అందుకని కొత్త ఇంటికి ఆవిడ కోరిన కోరిక ఒక్కటే, టేకు గడప. గ్రానైటూ అడగలేదు, షోకేసూ అడగలేదు.

గృహప్రవేశమైన మూడో రోజున బ్యాంకు నుంచి గున్నేశ్వరరావు అనే ఆయన రెండు రంగు డబ్బాలతో వచ్చాడు. ఆయన ఉద్యోగం పేరు సరిహద్దు అధికారి.

"ఆయ్, నమస్కారమండి మాస్టారూ. నీలం బ్యాంకు వారిదండి. పసుపుపచ్చ తమరిదండి. ప్రస్తుతానికి తమరిదేం లేదు కాబట్టి మొత్తం నీలమే ఏసేత్తానండి," అన్నాడు.

సాయంత్రానికి మా పన్నెండు వందల చదరపు అడుగుల ఇంట్లో నేలంతా నీలంగా మారిపోయింది. గడప దగ్గరికి వచ్చేసరికి మాత్రం ఆయన కుంచె ఆగింది. "గడపకి నేనేయలేనండి. మా అమ్మ ఊరుకోదండి," అని దాన్ని అలాగే వదిలేశాడు.

నెల తిరగ్గానే మొదటి వాయిదా ఇరవై ఆరు వేల తొమ్మిది వందల తొంభై రెండు రూపాయలు కట్టాం. గున్నేశ్వరరావు సుద్దముక్కతో వచ్చాడు. వెంట మేనేజరు ఉదయభాస్కర్ గారు కూడా వచ్చారు. ఆయన మామూలుగా మాట్లాడటం నేనెప్పుడూ వినలేదు.

"మాస్టారూ, ఈ చారిత్రాత్మక సందర్భంలో మీ ప్రథమ స్వామ్య ఖండాన్ని మీకు సగర్వంగా అప్పగిస్తున్నాం. మీరు కట్టిన మొత్తంలో ఇరవై రెండు వేల ఐదు వందలు వడ్డీ. మిగిలిన నాలుగు వేల నాలుగు వందల తొంభై రెండు అసలు. చదరపు అడుగు రెండు వేల ఐదు వందల చొప్పున, మీకు సంక్రమించినది ఒకటీ ముప్పావు చదరపు అడుగు."

గున్నేశ్వరరావు కొలత చూపించడానికి నేల మీద పదహారు అంగుళాల చదరం గీశాడు. పీట వేసినంత ఉంది.

"ఇరవై ఏడు వేలు కడితే పీటేనాండీ?" అంది సుభాషిణి.

"మిగతా సొమ్ముతో మీరు కాలాన్ని కొనుగోలు చేశారమ్మా."

"ఆ కాలానికి కూడా కాస్త రంగేసి చూపించండి మరి. ఎక్కడుందో తెలుస్తుంది."

మేనేజరు గారు దగ్గారు. సుభాషిణి ఆ మొదటి పీటని గడప దగ్గర గీయమని అడిగింది. వీల్లేదన్నారు. బ్యాంకుకు ఒక వాస్తు సంఘం ఉందట. యజమాని స్థానం నైరుతి కాబట్టి స్వామ్యం నైరుతి మూల నుంచి మొదలై ఈశాన్యం వైపు పాకాలట. వీధి గుమ్మం ఈశాన్యంలో ఉంది. ఆ లెక్కన గడప మా వంతుకి వచ్చేది ఆఖరి వాయిదా నాడు, అంటే రెండు వందల నలభయ్యో నెలలో. నా రిటైర్మెంటూ అప్పుడే.

మా ఇంటి నైరుతి మూల పడగ్గది. పీట అక్కడ గీసి పసుపుపచ్చ వేశారు. దాని మీద ఒక కాలు పెట్టి నిలబడి చూశాను. రెండో కాలు బ్యాంకులో ఉంది.

ఆ వారం శుక్రవారం సుభాషిణి ఎప్పటిలాగే తెల్లవారి లేచి టేకు గడపకు పసుపు రాసి, కుంకుమబొట్లు పెట్టి, ముగ్గు వేసింది. నెలాఖరుకి గున్నేశ్వరరావు తీసి పంపిన ఫోటోలు ప్రధాన కార్యాలయం చూసింది. వారం తిరక్కుండా నోటీసు వచ్చింది. "రుణగ్రహీత తన స్వామ్య వర్ణమైన పసుపును అనర్హమైన భాగమునకు పూసి, 1.67 చదరపు అడుగుల మేర బ్యాంకు ఆస్తిని దృశ్యాత్మకంగా ఆక్రమించినట్లు గమనించడమైనది. ఇటువంటి ఆక్రమణ ప్రతి శుక్రవారమూ పునరావృతమగుచున్నట్లు కూడా గమనించడమైనది."

నేను బ్యాంకుకు పరుగెత్తాను. పసుపు అంటే వంటింట్లో పసుపని, లక్ష్మీదేవికి రాస్తారని చెప్పాను. ఉదయభాస్కర్ గారు శ్రద్ధగా విన్నారు.

"దేవతా విషయాల్లో బ్యాంకు తటస్థం మాస్టారూ. కానీ ఫోటోలో భక్తి కనబడదు. వర్ణం కనబడుతుంది. ఆడిట్ వారు వర్ణం చూస్తారు. పోనీ, నీలం పసుపు దొరుకుతుందేమో ప్రయత్నించండి."

మర్నాడు గున్నేశ్వరరావు తల వంచుకుని వచ్చి గడపకు నీలం రంగు పూశాడు. "తప్పలేదమ్మా, ఉజ్జోగమండి," అని మూడుసార్లు అన్నాడు. సుభాషిణి ఆయనకు మజ్జిగ కూడా ఇచ్చింది. ఆయన వెళ్లాక మాత్రం గుమ్మంలో కూర్చుని ఏడ్చింది. "అద్దె ఇళ్లల్లో కూడా ఎవరూ వద్దన్లేదండీ. సొంతిల్లు కట్టుకున్నాక నా గడపకి నేను పసుపు రాసుకోకూడదా?" అంది. క్లాసులో ఎంత కష్టమైన లెక్కయినా బోర్డు మీద చేసేసేవాణ్ణి, ఆ పూట భార్య ముందు ఓడిపోయి సిగ్గుపడ్డాను.

పథకంలో రెండో దశ 'దాటు పుస్తకం'. ఒకరి భాగంలో మరొకరు అడుగు పెట్టాలంటే మూడు పనిదినాల ముందు దరఖాస్తు చేసుకోవాలి. అయితే బ్యాంకు కఠినాత్మురాలు కాదు. నిత్యావసరాలకు దరఖాస్తు అక్కర్లేదు, పుస్తకంలో పేరూ, సమయమూ, కారణమూ రాసి దాటితే చాలు. మంచం ఉన్న మూల తప్ప ఇల్లంతా బ్యాంకుదే కాబట్టి రోజుకు ఇరవై ముప్పై సార్లు రాయాల్సి వచ్చేది. స్నానాలగదికి వెళ్లేటప్పుడు నేను కారణం గడిలో 'ప్రకృతి' అని రాసేవాణ్ణి. "వివరము చాలదు" అని ఆడిట్ వారు ఎర్ర సిరాతో వ్యాఖ్యానించారు. ఆ తర్వాత వివరంగా రాశాను. మళ్లీ ఏమీ అడగలేదు.

మూడో దశలో బ్యాంకు తన భాగాన్ని వాడుకోవడం మొదలెట్టింది. బ్రాంచిలో చోటు చాలక మూడు నెలలకోసారి జరిగే సమావేశం మా హాల్లో పెట్టారు. హాలు వాళ్లదే కదా. కరెంటు బిల్లు మాత్రం మాది. ఫ్యాను గాలి చరాస్తి కింద వస్తుందట. పదకొండు మంది వచ్చి, రుణగ్రహీతల్లో ఆర్థిక అవగాహన పెంచడం గురించి రెండు గంటలు చర్చించి, సుభాషిణి పెట్టిన ఉప్మా తిని, వంటగట్టు పైన గోడకు మేకు కొట్టినందుకు నాకు మెమో ఇచ్చి వెళ్లారు.

ఇంతకీ ఏడాది గడిచేసరికి మూడు లక్షల ఇరవై నాలుగు వేలు కట్టాం. మా వాటా ఇరవై రెండున్నర చదరపు అడుగులయింది. మంచంలో సుభాషిణి పడుకునే వైపంతా మాదే. నేను బ్యాంకు వైపు పడుకునేవాణ్ణి. నిద్రలో అటు దొర్లితే పుస్తకంలో రాయాలా అక్కర్లేదా అని అడుగుతూ ఒక ఉత్తరం రాశాను. అది పరిశీలనలో ఉంది.

నవ్వుకునేవాళ్లు నవ్వుకోవచ్చు గానీ, ఒక్క మాట చెప్పాలి. కాలనీలో అందరికీ కళ్లు తెరుచుకున్నాయి. సాయంత్రం అరుగుల మీద ఇదివరకు రాజకీయాలు మాట్లాడుకునేవాళ్లు అసలూ వడ్డీల గురించి మాట్లాడుకునేవాళ్లు. సగం ఇల్లు మనదయ్యేసరికి ఎన్నేళ్లు పడుతుందని ఎదురింటి ఆర్టీసీ కండక్టరు అడిగితే లెక్కవేసి పద్నాలుగేళ్లని చెప్పాను. ఆయన టికెట్టు చించినంత తేలిగ్గా "అంతేనా?" అన్నాడు. తర్వాత రెండు రోజులు నాతో మాట్లాడలేదు, అప్పు నేనిచ్చినట్టు.

పద్నాలుగో నెలలో గున్నేశ్వరరావు వచ్చి, పసుపు డబ్బా పక్కన పెట్టి నీలం డబ్బా మూత తీశాడు. మంచం దగ్గర కూర్చుని మా వాటాలోంచి ఓ చారెడు మేర నీలం పూయడం మొదలెట్టాడు. సుభాషిణి దిండు మూల బ్యాంకులోకి వెళ్లిపోయింది.

"ఇదేంటి? వాయిదా కట్టాం కదయ్యా!" అన్నాను.

"కట్టారండి. మొదటేడు రంగు ఉచితమండి. ఇప్పుడు కర్చులు అసల్లోంచి పోతన్నాయండి," అని కాగితం ఇచ్చాడు. రంగు ఆరు వందల నలభై. అధికారి రాకపోకలు తొమ్మిది వందలు. లేజరు కొలబద్ద అద్దె పద్దెనిమిది వందలు. పారదర్శకతా రుసుము పదిహేను వందలు. ఆ పైన పన్ను. మొత్తం ఐదు వేల ఏడు వందల పదకొండు. ఆ నెల మా అసలు నాలుగు వేల తొమ్మిది వందల యాభై. నేను లెక్క కట్టాను. ఇల్లెంత మాదయిందో మాకు చూపించడానికయ్యే ఖర్చు వల్ల ఇల్లు ఎప్పటికీ మాది కాదు.

బ్యాంకుకు వెళ్లి ఆ మాటే అన్నాను. ఉదయభాస్కర్ గారు నా భుజం మీద చెయ్యి వేశారు. "సత్యానికి ఖర్చవుతుంది మాస్టారూ. ఇంటి అప్పు అసలు ఖరీదు మీకు తెలియాలన్నదే కదా మా తపన! తెలిసింది కదా?" అన్నారు. తెలిసిందన్నాను. సంతోషించి నా చేత ఒక ప్రశంసాపత్రం రాయించుకున్నారు.

ఇంటికొచ్చి చూస్తే సుభాషిణి కుట్టుమిషన్ ముందు కూర్చుని, ఫాల్స్ అన్నీ పక్కకు నెట్టి ఏదో చదువుతోంది. అది పథకం నియమావళి. ఎవరూ చదవరన్న ధైర్యంతో బ్యాంకు వారు దాన్ని శుభ్రమైన తెలుగులోనే అచ్చు వేశారు. దిండు మూల పోయిన కోపంలో ఆవిడ అట్ట నుంచి అట్ట దాకా చదివేసింది.

"ఏవండీ, ముప్పై ఎనిమిదో పేజీ చూడండి," అంది. "వాయిదా కాకుండా పైన ఎంత కట్టినా అంతా అసల్లోకే పోతుందట. అందులోంచి ఏ ఖర్చులూ తియ్యరట. ఆ సొమ్ముకి వచ్చే భాగాన్ని మనకి నచ్చిన చోట తీసుకోవచ్చట. నైరుతి ప్రసక్తి లేదు."

నేను రెండుసార్లు చదివాను. నిజమే. ఎవడో మంచి గుమాస్తా రాసి ఉంటాడు.

ఆవిడ మెడలో వేలాడుతున్న కుట్టు టేపు తీసుకుని గుమ్మం దగ్గర వంగింది. గడప పొడవు నలభై ఎనిమిది అంగుళాలు, వెడల్పు ఐదు. 1.67 చదరపు అడుగులు. నాలుగు వేల నూట అరవై ఏడు రూపాయలు. పెరటి గుమ్మం గడప ఇంకా చిన్నది, రెండు వేల ఆరు వందల నాలుగు. పోపులపెట్టె పక్కన డబ్బాలోంచి పీకో డబ్బులు తీసి నా ముందు పోసింది. అన్నీ పది, ఇరవై, యాభై నోట్లు.

"రెండూ కొనేద్దాం," అంది.

బ్యాంకులో ఉదయభాస్కర్ గారు నచ్చజెప్పబోయారు. "అమ్మా, పెట్టుబడి దృక్కోణంలో గడప నిరుపయోగ భాగం. దాని మీద కూర్చోరాదు, నిలబడరాదు. అదే సొమ్ముకి మంచంలో మాస్టారి వైపు..."

"ఆయన అలవాటు పడిపోయారండి. గడపే కావాలి. రసీదులో 'గడప' అని రాయండి."

రాశారు. ముప్పై ఎనిమిదో పేజీ ఆవిడ వేలు పెట్టి మరీ పట్టుకుంది. గున్నేశ్వరరావు ఆ రోజే వచ్చాడు. రుసుము లేదు, రాకపోకలు లేవు, సొంత సైకిలు మీద వచ్చాడు. గరుకు కాగితంతో రెండు గంటలు రుద్ది నీలం ఆనవాలు లేకుండా చేశాడు. పసుపు డబ్బా మాత్రం తెరవలేదు. "అది అమ్మగారు రాత్తారు లెండి," అన్నాడు.

శుక్రవారం నాడు సుభాషిణి గడపకు పసుపు రాసింది. నేను కుర్చీ వేసుకుని కూర్చుని మొత్తం చూశాను. అంత ఆనందంగా నేను దేన్నీ చూడలేదు.

ఆ తర్వాతి బుధవారం పథకం విజయాన్ని కళ్లారా చూడటానికి ప్రధాన కార్యాలయం నుంచి డీజీఎం గారు దిగారు. మా హాల్లో ఆయనకు సన్మాన సభ అన్నారు. పూలదండలతో, బ్యానరుతో పదిహేను మంది కార్లు దిగి గుమ్మం ముందుకు వచ్చారు. సుభాషిణి గడప ఇవతల పుస్తకం పట్టుకుని నిలబడి ఉంది.

"రండి రండి. దరఖాస్తు పెట్టారాండీ?" అంది.

"దేనికమ్మా?" అన్నారు డీజీఎం గారు.

"గడప మాదండీ, రసీదుంది. ఒకరి భాగం మీదుగా ఇంకొకరు దాటాలంటే మూడు పనిదినాల ముందు దరఖాస్తు పెట్టాలి. నిత్యావసరమైతే మాత్రం పుస్తకంలో రాస్తే చాలు. మీకు మా ఇంట్లో నిత్యావసరం ఏముందండీ?"

డీజీఎం గారు ఉదయభాస్కర్ గారి వైపు చూశారు. ఉదయభాస్కర్ గారు గున్నేశ్వరరావు వైపు చూశారు. గున్నేశ్వరరావు ఆకాశం వైపు చూశాడు.

"పెరటి గుమ్మం గుండా వెళదాం," అని ఎవరో అన్నారు.

"అదీ కొన్నామండి," అన్నాను నేను. ఈ వ్యవహారమంతటిలో నేను చెప్పిన ఒకే ఒక మంచి మాట అది.

ఎండ మాడ్చేస్తోంది. పదిహేను మంది పెద్దలు, లోపల తమదైన పదకొండు వందల పైచిలుకు చదరపు అడుగుల నీడను కిటికీలోంచి చూస్తూ గంటసేపు నిలబడ్డారు. నియమం తమదే కాబట్టి ఉల్లంఘించలేకపోయారు. సన్మానం వీధిలోనే జరిగింది. దండలు వాడిపోయాయి. ఎదురింటి కండక్టరు భార్య గోడ మీంచి అంతా చూసి, ఆ సాయంత్రమే తన గడప కొలుచుకుంది. పది రోజుల్లో, మావి రెండూ కలుపుకుని, కాలనీలో ఎనభై గడపలూ అమ్ముడుపోయాయి. మా ఆడవాళ్లు గడపలతో ఆగలేదు. గట్లూ, మెట్లూ, తులసికోట చుట్టూ జాగా, చీటీ డబ్బులతో, పాల డబ్బులతో కొనడం మొదలెట్టారు. ఒక్కొక్క ముక్క కొన్నప్పుడల్లా దాని మీద ఇరవై ఏళ్లు రావాల్సిన వడ్డీ బ్యాంకుకు రాకుండా పోతోంది.

ప్రధాన కార్యాలయం మళ్లీ సముద్రతీరపు హోటలుకు వెళ్లింది. రుణగ్రహీతలకు అవగాహన అవసరాన్ని మించి కలిగిందని ఈసారి తీర్మానించారు. పథకం రద్దయింది. మనుషులు వచ్చి నలభై ఇళ్లలోనూ నీలం, పసుపు గీకేసి తెల్లటి నున్నటి రంగు వేసిపోయారు. ఇంటింటికీ ఒక మిఠాయి పెట్టె, "మీ ఇల్లు, మీ స్వర్గం" అని రాసిన గోడ గడియారం ఇచ్చారు. మా ఇంటికి ఉదయభాస్కర్ గారే వచ్చి గడప అవతల నిలబడ్డారు. అలవాటైపోయినట్టుంది.

"అమ్మా, ఇక సరిహద్దులు లేవు, పుస్తకాలు లేవు. రంగుల్ని మరిచిపోండి. ఈ ఇల్లంతా మీదే అనుకోండి!"

"అలాగేనండీ. ఐదో తారీఖున వాయిదా కూడా కట్టామనే అనుకోండి," అంది సుభాషిణి.

ఆయన మొదటిసారి మామూలు భాషలో మాట్లాడారు. "అదెలా కుదురుతుందమ్మా?" అన్నారు. ఆ తర్వాత కాస్త నవ్వి, మిఠాయి పెట్టె గట్టు మీద పెట్టి వెళ్లిపోయారు.

కాలనీ పండగ చేసుకుంది. నేల తెల్లగా కనబడేసరికి అందరి ఇళ్లూ అందరివైపోయాయి. చీటీ డబ్బులు టీవీలకూ సోఫాలకూ వెళ్లాయి. నాకూ హాయిగానే ఉంది, అబద్ధమెందుకు? రెండు వైపులా మనదే అనుకుని మంచం మీద బాగా దొర్లాను.

నెల తిరిగాక సుభాషిణి నాలుగు వేలు లెక్కపెట్టి నా చేతిలో పెట్టింది. "వాయిదా కాకుండా ఇది కట్టి రండి," అంది.

"ఇప్పుడు గీతలు లేవు కదా, ఎందుకు?" అన్నాను.

"నెలకి నాలుగు వేలు పైన కడుతూ పోతే ఎప్పటికి తీరుతుందో మీరెప్పుడైనా లెక్క చూశారా?"

చూడలేదు. పిల్లల నోటుబుక్కు ఒకటి తీసుకుని కూర్చున్నాను. అరగంట పట్టింది. ఐదేళ్లు ముందుగా తీరిపోతుంది. అరవై వాయిదాలు కట్టక్కర్లేదు. పదిహేడేళ్లుగా బోర్డు మీద చేస్తున్న లెక్క ఇంటి కోసం చేయడం అదే మొదలు. ఆవిడకు కాగితం చూపించాను.

బ్యాంకులో గుమాస్తా రసీదు రాస్తూ ఏ ఖాతా అని మాత్రమే అడిగాడు. ఏ చోటని అడిగే గడి ఇప్పుడు లేదు. రసీదు తెచ్చి ఇస్తే సుభాషిణి దాని వెనక పెన్సిలుతో 'వంటగట్టు, కిటికీ వైపు' అని రాసి డబ్బాలో పెట్టుకుంది. టేపుతో కొలిచి, గట్టు మీద చెయ్యి ఆనించి, "ఇక్కడి దాకా," అంది.

"గుర్తేం లేదు కదే, రేపు ఎలా తెలుస్తుంది?" అన్నాను.

"కొనుక్కున్నవాళ్లకి తెలుస్తుంది లెండి," అని, ఆ మేర శుభ్రంగా తుడిచి, కిటికీ వైపు నిలబడి వంకాయలు తరగడం మొదలెట్టింది.